మంజీర మలుపు దగ్గర రెండు దారులు

హైదరాబాద్ నుంచి పడమటికి సాగే ముంబై హైవే పటాన్‌చెరు, ఇస్నాపూర్, రుద్రారం దాటి సంగారెడ్డి పొలిమేరలోని కంది చేరేసరికి రెండుగా చీలుతుంది. తిన్నగా పోయే దారి సదాశివపేట మీదుగా జహీరాబాద్ చేరి, అక్కడ కుడివైపు తిరిగినవారిని బీదర్‌కు తీసుకుపోతుంది. కంది దగ్గరే వాయవ్యంగా మళ్లే 161వ నంబరు జాతీయ రహదారి మంజీర నదిని దాటి జోగిపేట, పిట్లం, మద్నూర్, దెగ్లూర్‌ల మీదుగా నాందేడ్‌కు, అక్కడి నుంచి అకోలాకు పోతుంది. రోజూ వేలాది లారీలు, కంపెనీ బస్సులు తిరిగే ఈ కూడలికి సిక్కుల చరిత్రలో ఒక విశేషమైన స్థానముంది. సిక్కు మతంలో దేహధారులైన గురువులు పదిమంది కాగా, వారిలో మొదటివాడైన గురునానక్ పాదం సోకిందని భక్తులు నమ్మే నీటి ఊట ఒక దారి చివర బీదర్‌లో ఉండగా, పదవవాడైన గురు గోవింద్ సింగ్ కన్నుమూసిన గోదావరి తీరం రెండో దారిలో నాందేడ్‌లో ఉంది. 1469లో నానక్ పుట్టుకతో మొదలై 1708లో గోవింద్ సింగ్ నిర్యాణంతో ముగిసిన గురుపరంపర మొదలూ తుదీ పంజాబుకు ఇంత దూరాన, ఒకే కూడలి నుంచి చీలే రెండు రోడ్ల మీద దొరకడం దక్కన్ నేలకు దక్కిన అరుదైన సంగతి.

ఈ రెండు పుణ్యస్థలాలూ 1956 నవంబరు 1 దాకా ఒకే రాష్ట్రంలో, అంటే నాటి హైదరాబాద్ రాష్ట్రంలో ఉండేవి. రాష్ట్రాల పునర్విభజనలో బీదర్ మైసూరుకు, నాందేడ్ బొంబాయి రాష్ట్రానికి పోగా, అప్పటిదాకా బీదర్ జిల్లాలో ఉన్న జహీరాబాద్, నారాయణఖేడ్ ప్రాంతాలు మెదక్ జిల్లాలో కలిసి నేడు సంగారెడ్డి జిల్లాలో భాగమయ్యాయి. నాందేడ్ జిల్లా దెగ్లూర్ తాలూకాలోని బిచ్కుంద, జుక్కల్ ఫిర్కాలు కూడా అలాగే తెలంగాణ వైపు చేరాయి. అందువల్ల ఈ ప్రాంతంలో పాతకాలపు మనిషికి బీదర్ గురుద్వారా అయినా, నాందేడ్ గురుద్వారా అయినా పరాయి రాష్ట్రపు క్షేత్రంగా తోచదు. జిల్లా కచేరీ ఉన్న ఊళ్లోని గుడి ఎంత దగ్గరో అంత దగ్గర. జహీరాబాద్ సంతలో తెలుగు, కన్నడం, మరాఠీ, దక్కనీ ఉర్దూ కలిసి వినిపించడానికీ, ఆ సంతకు వచ్చే కుటుంబం ఏడాదికోసారి బీదర్‌లోని ‘నానక్ ఝీరా’ గురుద్వారాకు పోయి అక్కడి ఉచిత వంటశాల లంగర్‌లో భోజనం చేసి రావడానికీ మూలం ఆ పాత ఉమ్మడి జీవితమే.

తీర్థమంటే ఏమిటి?

తెలుగులో తీర్థం అనే మాటకు అర్థాలు చాలా ఉన్నాయి. గుడిలో అర్చకుడు అరచేతిలో పోసే నీరు తీర్థం, స్నానం చేసి పాపం కడుక్కునే రేవు తీర్థం, కోస్తా జిల్లాల్లో ఊరి జాతర కూడా తీర్థమే. ఈ అర్థాలన్నింటిలోనూ నీరు గానీ, జనసమూహం గానీ ఉంటుంది. గురునానక్ బోధలో ఈ మాట మీద గట్టి విమర్శ ఉంది: ఒంటికి నీళ్లు పోసుకున్నంత మాత్రాన మనసుకు పట్టిన మురికి పోదని, దైవనామాన్ని తలుస్తూ లోపల చేసుకునే స్నానమే అసలు తీర్థస్నానమని ఆయన పదేపదే చెప్పాడు. పుణ్యక్షేత్రాలను తిరిగినవారి గర్వాన్ని ఆయన మెచ్చలేదు. అలాంటప్పుడు సిక్కులకు తీర్థయాత్ర ఎలా కుదురుతుందన్న ప్రశ్న సహజంగానే పుడుతుంది, దాన్ని సిక్కు పండితులు కూడా దాటవేయలేదు.

దీనికి సమాధానం సిద్ధాంతంలో కంటే ఆచరణలోనే స్పష్టంగా కనిపిస్తుంది. మూడో గురువైన అమర్‌దాస్ గోయింద్‌వాల్‌లో 84 మెట్ల దిగుడు బావిని తవ్వించాడు; నాలుగో గురువైన రామ్‌దాస్ తవ్వించిన కొలను చుట్టూ అమృత్‌సర్ నగరం పెరిగింది. నీటిని తోసిపుచ్చిన మతమే మళ్లీ నీటి చుట్టూ ఊళ్లు కట్టింది. అయితే గురువును కలవాలంటే ముందు అందరితో పాటు నేల మీద బారుగా కూర్చుని తినాలన్న నియమం అమర్‌దాస్ కాలంలోనే స్థిరపడింది. వంటశాలతో కూడిన ఈ ఉచిత సామూహిక భోజనాన్ని లంగర్ అనీ, అలా కులాల వరస చూడకుండా కూర్చునే బంతిని పంగత్ అనీ అంటారు. కలిసి ప్రార్థించే సమూహం పేరు సంగత్. చెప్పుల దగ్గర నుంచి వంటపాత్రల దాకా కూలి లేకుండా చేసే పని పేరు సేవ. సిక్కు యాత్రికుడు గురుద్వారాకు వెళ్లడంలో దర్శనం ఒక భాగం మాత్రమే. అక్కడ గిన్నె కడిగి, రొట్టె ఒత్తి, ముక్కూ ముఖం తెలియనివాడి పక్కన కూర్చుని తినడం మిగతా భాగం. ఒక స్థలం పవిత్రమయ్యేది అక్కడి నీటి మహిమ వల్లనా, అక్కడ మనుషులు ఒకరితో ఒకరు మెలిగే తీరు వల్లనా అని అడిగితే, సిక్కు సంప్రదాయం రెండో దానివైపే ఎక్కువ మొగ్గుతుంది. కానీ మొదటిదాన్ని కూడా పూర్తిగా వదులుకోలేదనడానికి బీదర్ ఊటే సాక్ష్యం.

ఎర్రరాతి నుంచి ఊరిన తీపి

గురునానక్ చేసిన దూర ప్రయాణాలను సిక్కు సంప్రదాయం ‘ఉదాసీలు’ అంటుంది. ఉదాసీ అంటే ఇల్లూ వాకిలీ మీద మమకారం విడిచి లోకసంచారం చేయడం. 16వ శతాబ్దం తొలి దశకాల్లో ఆయన దక్షిణాదికి వచ్చిన ఉదాసీలో బీదర్ మజిలీ ఒకటి. అప్పటికి బహమనీ సుల్తానుల ప్రాభవం అడుగంటి, రాజధాని బీదర్ బరీద్‌షాహీల చేతుల్లోకి జారుతున్నది. ఊరి బయట ముస్లిం ఫకీర్లు నివసించే చోట నానక్ ఆగాడని, అక్కడ మంచినీటికి కరువని, బావులు తవ్వినా ఉప్పునీరే పడేదని, జనం గోడు విన్న గురువు ఒక రాతిని పాదంతో తొలగించగా దాని కింద నుంచి తియ్యటి నీరు ఉబికిందని కథ. ఝీరా అంటే ఊట. తెలుగువాడికి ఈ మాట కొత్తదేమీ కాదు, ఝరి అన్నా, ఝరం అన్నా ఇదే.

బీదర్ నేల స్వభావం తెలిసినవారికి ఈ కథ మరో రకంగా కూడా అర్థమవుతుంది. బీదర్, జహీరాబాద్ పీఠభూమి మీద పరుచుకున్న ఎర్రటి జంబిట్టి రాయి, అంటే లాటరైటు, నిండా చిల్లులున్న రాయి. వాన నీరు దానిగుండా సులువుగా ఇంకి, అడుగున ఉన్న గట్టి నల్లరాతి పొరను తాకి, ఇక దిగలేక, ఆ రెండు పొరలు కలిసేచోట లోయ అంచుల్లో ఊటగా బయటపడుతుంది. నానక్ ఝీరా కూడా మూడు వైపులా ఎర్ర గుట్టలున్న పల్లంలోనే ఉంది. బహమనీల కాలంలో ఈ ఎర్రరాతిలోనే సొరంగాలు తొలిచి, నిలువు బావుల వరుసతో కలిపి, నీటిని దూరాలకు పారించే ‘కరేజ్’ అనే పారశీక పద్ధతిని బీదర్‌లో అమలు చేశారు. నౌబాద్ దగ్గరి కరేజ్ నేటికీ చూడవచ్చు. భూగర్భ శాస్త్రం చెప్పే కారణాన్ని ముందుపెట్టి భక్తుడి కథను కొట్టిపారేయడం తేలిక, కానీ అందువల్ల ఒరిగేదేమీ లేదు. ఎక్కడ నీరు ఉంటుందో ఎరిగిన పరివ్రాజకుడు దాహంతో ఉన్న ఊరికి ఆ చోటు చూపాడని అనుకున్నా, పాదం తగిలి రాయి తొలగి నీరు ఉబికిందని అనుకున్నా, కథ జ్ఞాపకం పెట్టుకున్నది ఒక్కటే, ఆ నీరు అందరిదని.

ఈ నేల మీద నీటి ఊట చుట్టూ దైవం వెలియడం ఒక్క సిక్కులకే పరిమితం కాదు. జహీరాబాద్ దగ్గరి ఝరాసంగంలో కేతకీ సంగమేశ్వరుడి గుడి వెనుక అమృతగుండం ఉంది. బీదర్‌లోనే నరసింహ ఝరణిలో భక్తులు గుట్ట లోపలి సొరంగంలో నడుముకు మించిన నీటిలో నడిచిపోయి స్వామిని దర్శించుకుంటారు. సంగారెడ్డి వైపు నుంచి వెళ్లే తెలుగు కుటుంబాలు ఒకే రోజులో ఈ మూడూ చూసి వస్తాయి. ఝరాసంగం, ఝరణి, ఝీరా అని మూడు పేర్లలోనూ ఒకే నీటి శబ్దం. కార్తీక పౌర్ణమి నాడు సంగమేశ్వరుడి దగ్గర దీపాలు వెలిగే వేళకే నానక్ ఝీరాలో గురునానక్ జయంతి జరుగుతుంది.

ఊట నీరు అమృతకుండం అనే తొట్టెలోకి చేరుతుంది. యాత్రికులు దాన్ని తాగి, సీసాల్లో నింపుకుని ఇంటికి తెస్తారు. మహాద్వారం దాటి లోనికి వెళ్లేవారు ఎవరైనా తలకు గుడ్డ కట్టుకోవాలి, కాళ్లు కడుక్కోవాలి. ప్రధాన మందిరంలో విగ్రహం ఉండదు. ఎత్తైన పీఠం మీద, చాందినీ కింద, పట్టుబట్టల్లో సిక్కుల పవిత్ర గ్రంథమైన గురు గ్రంథ్ సాహెబ్ ఉంటుంది. దర్శనం తరువాత గోధుమపిండి, నెయ్యి, చక్కెర సమపాళ్లలో వేసి చేసిన కడా ప్రసాదం రెండు చేతులూ చాపి తీసుకోవాలి. ఆ పక్కనే లంగర్‌లో పప్పు, రొట్టె, కూర, అన్నం పగలంతా వడ్డిస్తూనే ఉంటారు. పంక్తిలో కూర్చున్నవారిలో తలపాగా ఉన్నవారి కంటే లేనివారే ఎక్కువగా కనిపించే రోజులు తక్కువేమీ కాదు.

బీదర్‌కు సిక్కుల చరిత్రలో మరో గౌరవం ఉంది. 1699 వైశాఖి నాడు ఆనంద్‌పూర్‌లో గురు గోవింద్ సింగ్ కత్తి దూసి తల అడిగినప్పుడు ఒకరి తరువాత ఒకరుగా లేచి నిలబడిన అయిదుగురిని పంజ్ ప్యారే, అంటే అయిదుగురు ప్రియతములు అంటారు. వారిలో దయారామ్ లాహోరుకు చెందిన ఖత్రీ, ధరమ్‌దాస్ హస్తినాపురం జాట్, హిమ్మత్ రాయ్ పూరీ జగన్నాథం నుంచి వచ్చిన నీళ్లు మోసేవాడు, మొహకమ్ చంద్ ద్వారకలో బట్టలకు అద్దకం వేసేవాడు, సాహిబ్ చంద్ బీదర్ మంగలి. గురువు ఇనుప పాత్రలో నీరు పోసి, బతాసాలు కలిపి, రెండంచుల కత్తితో తిప్పి చేసిన ఆ తియ్యటి నీటిని, అంటే అమృతాన్ని, అయిదుగురూ ఒకే పాత్ర నుంచి తాగి ఖాల్సాగా, అంటే దీక్ష తీసుకున్న సిక్కుల సంఘంగా మారారు. ఆపై గురువే వారి ముందు చేయి చాచి అదే నీటిని తీసుకున్నాడు. ఊరి బావి దగ్గర ఎవరు తోడాలో, ఎవరు దూరంగా నిలబడాలో కులం నిర్ణయించిన సమాజంలో ఈ ఒక్క పాత్ర ఎంత పెద్ద తిరుగుబాటో తెలంగాణ పల్లెల్లో పెరిగినవారికి విడమర్చి చెప్పనక్కర్లేదు. సాహిబ్ సింగ్‌గా మారిన బీదర్ మంగలి కొన్నేళ్లకే చమ్‌కౌర్ పోరులో ప్రాణాలు ఇచ్చాడు.

బీదర్‌కు పది, పన్నెండు కిలోమీటర్ల దూరంలోని జనవాడలో మాయి భాగో గురుద్వారా ఉంది. గురువును విడిచి ఇళ్లకు పోయిన నలభైమందిని సిగ్గుపడేలా చేసి మళ్లీ యుద్ధానికి నడిపించి, 1705లో ముక్త్‌సర్ పోరులో తానూ ఆయుధం పట్టిన స్త్రీ ఆమె. గురువు వెంట నాందేడ్ దాకా వచ్చి, ఆయన పోయాక జనవాడలో తపస్సులో శేషజీవితం గడిపింది. ఆ విధంగా నాందేడ్ కథ బీదర్ దాకా పాకింది. రెండు క్షేత్రాలనూ మొదట కలిపిన యాత్రికురాలు ఆమే అనుకోవడంలో తప్పులేదు.

ఈ నేల మీద సామరస్యం ఎన్నడూ చెదరలేదని అంటే అది అబద్ధమవుతుంది. 1988 సెప్టెంబరులో బీదర్‌లో సిక్కు విద్యార్థుల మీద జరిగిన దాడుల్లో ప్రాణాలు పోయాయి. గురునానక్ పేరిట 1980లో మొదలైన ఇంజనీరింగ్ కళాశాల ఉన్న ఊరే అది. తరువాత కూడా లంగర్ ఆగలేదు.

ఊట కథ వినే పటాన్‌చెరు

ఉప్పునీటి నేలలో తీపి ఊట దొరికిన కథ పటాన్‌చెరు వాసికి ఒక విధంగా చేదుగా కూడా వినిపించక తప్పదు. పేరులోనే చెరువున్న ఊరు ఇది. చాళుక్యుల కాలపు శాసనాల్లోని పొట్టలకెరె ఇదే, కన్నడంలో కెరె అంటే చెరువు. 1970ల నుంచి ఇక్కడా, బొల్లారంలోనూ, ఆపై పాశమైలారంలోనూ పెరిగిన మందులు, రసాయనాల పరిశ్రమల వ్యర్థాలు నక్కవాగులోకి చేరి, వాగు వెంట ఉన్న బావులు తాగడానికీ సాగుకూ పనికిరాకుండా పోయాయి. నక్కవాగు కలిసేది మంజీరలోనే. 1990లో సుప్రీంకోర్టు మెట్లెక్కిన ప్రజాప్రయోజన వ్యాజ్యంలో గ్రామాలకు తాగునీరు, రైతులకు పరిహారం ఇవ్వాలన్న ఆదేశాలు వచ్చాయి. ఒక చోట మంచినీటి ఊట దొరికిన సంగతిని అయిదు వందల ఏళ్ల తరువాత కూడా పండుగగా జరుపుకుంటుంటే, ఎనభై తొంభై కిలోమీటర్ల ఇవతల ఊటలు చెడిపోవడానికి ఇరవై ఏళ్లు చాలాయి.

ఈ పోలిక బలవంతంగా తెచ్చిపెట్టినది కాదు. సిక్కు బోధ మొత్తాన్ని మూడు ఆచరణల్లో చెప్పడం వాడుక: నామ్ జప్‌నా అంటే దైవనామ స్మరణ, కిరత్ కర్‌నా అంటే నిజాయితీగా చెమటోడ్చి సంపాదించడం, వండ్ ఛక్‌నా అంటే సంపాదించినది పంచుకుని తినడం. రెండోదానికి ఇక్కడ ఎక్కువ బరువు ఉంది. శ్రమ పవిత్రమన్నంత మాత్రాన ఎలాంటి సంపాదనైనా పవిత్రం కాదు, మరొకడి కడుపు కొట్టని సంపాదన మాత్రమే కిరత్. కూలి చేసుకునే వడ్రంగి భాయి లాలో ఇంట ఎండు రొట్టె తిని, అధికారి మలిక్ భాగో విందును నానక్ కాదన్న కథ ఈ సంగతినే చెబుతుంది. పారిశ్రామిక వాడ నుంచి నానక్ ఝీరాకు బయలుదేరిన యాత్రకు ఇంతకంటే సూటిగా తగిలే బోధ మరొకటి లేదు.

గోదావరి ఒడ్డున చివరి మజిలీ

నాందేడ్ కథలో తెలుగు నేల ప్రమేయం చాలామందికి తెలియదు. 1707లో ఔరంగజేబు చనిపోగా, వారసత్వపు పోరులో గెలిచి గద్దెనెక్కిన బహదూర్ షా, హైదరాబాద్, బీజాపూర్ సుబాల్లో స్వతంత్రించిన తమ్ముడు కాంబక్ష్‌ను అణచడానికి దక్కనుకు సైన్యంతో కదిలాడు. సర్‌హింద్ ఫౌజ్‌దారు వజీర్‌ఖాన్ తన ఇద్దరు చిన్న కొడుకులను బలిగొన్నందుకు న్యాయం కోరుతూ కొత్త చక్రవర్తితో మాటలు సాగిస్తున్న గురు గోవింద్ సింగ్ కూడా ఆ ప్రయాణంలో వెంట నడిచాడు. న్యాయం వాయిదా పడుతూనే ఉండగా 1708లో ఆయన నాందేడ్‌లో ఆగిపోయాడు. మొగలు సైన్యం ముందుకు సాగి, 1709 జనవరిలో హైదరాబాద్ శివార్లలో కాంబక్ష్‌ను ఓడించింది. గాయాలతో అతడు మరణించాడు. హైదరాబాద్ కోసం బయలుదేరిన దండయాత్రే సిక్కుల పదో గురువును గోదావరి ఒడ్డుకు చేర్చిందన్నమాట.

ఆ ఒడ్డున గడిచింది కొద్ది వారాలే అయినా అవి సిక్కు మత భవితవ్యాన్ని నిర్ణయించాయి. నది పక్కన మఠం కట్టుకున్న మాధోదాస్ అనే బైరాగి గురువును కలిసి, శిష్యుడై, బందా సింగ్ బహదూర్‌గా మారి పంజాబుకు వెళ్లి 1710లో సర్‌హింద్‌ను పడగొట్టాడు. అంతకుముందే వజీర్‌ఖాన్ పంపాడని చెప్పే పఠాన్ గురువును పొడిచాడు. కుట్టిన గాయం మానుతున్నట్టే ఉండి మళ్లీ తెరుచుకుంది. 1708 అక్టోబరు 7న, నలభై రెండేళ్లు నిండకముందే, ఆయన కన్నుమూశాడు. దానికి ముందు, ఇకపై మనుషుల్లో గురువు ఉండడని, గ్రంథమే గురువని ప్రకటించాడు. అయిదో గురువు అర్జున్ 1604లో కూర్చిన గ్రంథానికి తన తండ్రి, తొమ్మిదో గురువు తేగ్ బహదూర్ పదాలను చేర్చి అప్పటికే దానికి తుదిరూపం ఇచ్చి ఉన్నాడు. 1,430 పుటల ఆ గ్రంథంలో గురువుల వాణితో పాటు కబీరు, రవిదాసు, షేక్ ఫరీదు వంటివారి పదాలు, దక్కన్ భక్తుడైన నామదేవుడి 61 పదాలు ఉన్నాయి. గురుత్వాన్ని వారసుడికి గానీ, శిష్యుడికి గానీ ఇవ్వక, కులమతాలు వేరైన భక్తుల మాటలున్న పుస్తకానికి ఇవ్వడం మతాల చరిత్రలో అరుదు. మనిషికి పీఠం ఇస్తే పీఠం కోసం పోట్లాటలు వస్తాయని ఆయన స్వయంగా చూసి ఉన్నాడు. ఆ నిర్ణయపు బలం మూడు శతాబ్దాల తరువాత కూడా ప్రతి గురుద్వారాలో కనిపిస్తుంది: రాత్రి గ్రంథాన్ని తల మీద మోసుకెళ్లి నిద్రపుచ్చుతారు, తెల్లవారకముందే మేల్కొలిపి మళ్లీ కొలువు తీరుస్తారు.

గురువు దహనం జరిగిన చోట కట్టిన మందిరాన్ని హజూర్ సాహెబ్ అంటారు, హజూర్ అంటే సన్నిధి. నాందేడ్‌కు అబ్‌చల్‌నగర్, అంటే చలించని నగరం అనీ, మందిరానికి సచ్‌ఖండ్ అనీ పేర్లున్నాయి. గురునానక్ రచించిన జపుజీలో సాధకుడు దాటే అయిదు భూమికల ప్రస్తావన వస్తుంది: ధర్మ ఖండం, జ్ఞాన ఖండం, శ్రమ ఖండం, కృపా ఖండం, చివరిది సత్య ఖండం. ఆ చివరి భూమిక పేరునే ఈ మందిరానికి పెట్టారు. మొదటి గురువు చెప్పిన గమ్యపు పేరు చివరి గురువు సమాధికి దక్కిందన్నమాట. సిక్కుల అయిదు తఖ్తుల్లో, అంటే మత విషయాల్లో ఆజ్ఞ ఇచ్చే అధికార పీఠాల్లో, ఇది ఒకటి. అమృత్‌సర్ అకాల్ తఖ్త్, ఆనంద్‌పూర్, దమ్‌దమా సాహెబ్ పంజాబులో, గోవింద్ సింగ్ పుట్టిన పట్నా బీహార్‌లో ఉండగా, దక్షిణాన ఉన్నది ఇదొక్కటే.

ఇక్కడి ఆచారాలు పంజాబు పద్ధతికి పూర్తిగా సరిపోలవు. 1945లో స్థిరపరచిన సిక్కు రెహత్ మర్యాద అనే నియమావళి చాలా గురుద్వారాల్లో అమలవుతుండగా, హజూర్ సాహెబ్ తన పాత ‘హజూరీ మర్యాద’ను నిలుపుకుంది. తెల్లవారకముందే గోదావరి నుంచి గాగర్, అంటే బిందెతో నీళ్లు తెచ్చి మందిరాన్ని కడుగుతారు. సాయంత్రం దీపాలతో హారతి ఇస్తారు. గురు గ్రంథం పక్కనే గోవింద్ సింగ్ పేరిట ఉన్న దశమ గ్రంథం కొలువుంటుంది. లోపలి గదిలో గురువువని నమ్మే ఆయుధాలను భద్రపరచి, వాటికి చందనం అద్దుతారు, దీపావళి ముందు జరిగే తఖ్త్ స్నాన్‌లో నది నీటితో వాటిని శుభ్రపరుస్తారు. దసరాకు ఆయుధాలతో, గుర్రాలతో ఊరేగింపు సాగుతుంది. విగ్రహపూజ కూడదన్న మతంలో ఇదేమిటని పంజాబు వైపు నుంచి విమర్శలు వస్తూనే ఉన్నాయి. అయితే దసరాకు జమ్మి చెట్టు కింద ఆయుధాలు పెట్టి మొక్కే తెలంగాణ మనిషికి, ఆ రోజున లేతు మిషనుకు కూడా పసుపు కుంకుమలు పెట్టి కొబ్బరికాయ కొట్టే పటాన్‌చెరు కార్మికుడికి ఇందులో ఆశ్చర్యపడవలసినది తోచదు. దక్కన్ అలవాటు సిక్కు ఆచారంలోకి ఎంత చేరిందో, రాజపుత్ర, పంజాబీ యోధ సంప్రదాయం అందులో ఎంత మిగిలిందో విడదీయడం అంత సులభం కాదు, విడదీసి తీరాలన్న పట్టుదల కూడా అనవసరమే.

లాహోరీ ఫౌజు, హైదరాబాద్ చట్టం

నేటి హజూర్ సాహెబ్ మందిరాన్ని 1832 నుంచి 1837 మధ్య పంజాబు పాలకుడు మహారాజా రంజిత్ సింగ్ కట్టించాడు. హైదరాబాద్ సంస్థానంలో మరో రాజు కట్టడం కట్టించాలంటే దర్బారులో అనుకూలుడు ఉండాలి. అప్పటి మంత్రి మహారాజా చందూలాల్ నానక్ బోధ మీద భక్తిగల ఖత్రీ. అదే 1832లో రంజిత్ సింగ్ పంపిన సిక్కు దళం హైదరాబాద్ చేరింది. లాహోరీ ఫౌజు అని పేరుపడ్డ ఆ సైనికులను మొండికేసిన జమీందార్ల నుంచి శిస్తు రాబట్టే పనికి నిజాం సర్కారు వాడుకుంది. అత్తాపూర్ దగ్గరి బరంబాలాలో దిగిన ఆ ఫౌజు మళ్లీ లాహోరుకు పోలేదు. ఇక్కడి స్త్రీలను పెళ్లాడి, దక్కనీ, తెలుగులను ఇంటి భాషలుగా చేసుకుని, దక్కనీ సిక్కులుగా స్థిరపడ్డారు. తలపాగా, కడియం, కృపాణం పంజాబువి, పలుకుబడి తెలంగాణది. వీరు గాక ఇనుప పని చేసే సిక్లీగర్లు, బంజారాల్లో గురువులను కొలిచే శాఖలు కూడా ఈ ప్రాంతంలో ఉన్నాయి. 1675లో ఢిల్లీలో శిరచ్ఛేదానికి గురైన గురు తేగ్ బహదూర్ మొండేన్ని దాచి తెచ్చి, సొంత ఇంటికి నిప్పంటించి దహనం జరిపించిన లఖీషా వణజారా గాథ ఆ బంధానికి మూలం. నారాయణఖేడ్, జహీరాబాద్ తండాల వారికి బీదర్ గురుద్వారా మీద ఉన్న మమకారాన్ని ఈ వెలుగులో కూడా చూడాలి.

హజూర్ సాహెబ్ నిర్వహణకు ఆధారమైన చట్టం కూడా హైదరాబాద్‌లో పుట్టినదే. 1956లో, రాష్ట్రం మూడు ముక్కలయ్యే కొద్ది నెలల ముందు, హైదరాబాద్ శాసనసభ నాందేడ్ గురుద్వారా చట్టాన్ని చేసింది; తరువాత మహారాష్ట్రలోనూ బోర్డు దాని మీదే నడుస్తూ వచ్చింది. రైలు బంధం కూడా అలాంటిదే: నాందేడ్ రైల్వే డివిజన్‌కు పై కార్యాలయం సికింద్రాబాద్‌లో ఉండగా, నాందేడ్ నుంచి అమృత్‌సర్‌కు పోయే రైలు పేరు సచ్‌ఖండ్ ఎక్స్‌ప్రెస్.

రోడ్డు మీద ఈ యాత్ర పెద్ద కష్టమైనదేమీ కాదు. సంగారెడ్డి నుంచి బీదర్‌కు పొద్దున వెళ్లి సాయంత్రానికి తిరిగి రావచ్చు. నాందేడ్‌కు మాత్రం రాత్రి ఆగాలి, ఎందుకంటే అక్కడ చూడవలసినవి ఎక్కువ సాయంత్రం హారతిలోనూ, తెల్లవారుజామున గాగర్ వచ్చే వేళలోనూ ఉన్నాయి. ఆగడానికి యాత్రీనివాసాలున్నాయి, తినడానికి లంగర్ ఉంది. నగీనా ఘాట్, బందా ఘాట్, నదికి ఎగువ దిగువల్లో ఉన్న ఇతర గురుద్వారాలు చూడటానికి మరో పూట పడుతుంది.

బీదర్ జిల్లా గుండా వచ్చిన మంజీర, సింగూరులో ఆగి హైదరాబాద్‌కు తాగునీరు ఇచ్చి, సంగారెడ్డి దగ్గర దిక్కు మార్చుకుని ఉత్తరానికి తిరుగుతుంది. దారిలో నక్కవాగు నీటిని కూడా కలుపుకుని, నిజామాబాద్ జిల్లా కందకుర్తి దగ్గర, నాందేడ్ ఘాట్లను తాకి వచ్చిన గోదావరిలో చేరుతుంది.